కోటిపల్లి రాఘవ: డూపు పని నుంచి నిర్మాత దాకా

2027లో విడుదలయ్యే సినిమాల నుంచి స్టంట్లకూ ఆస్కార్ ఇస్తామని 2025 ఏప్రిల్‌లో అకాడమీ ప్రకటించింది. మన జాతీయ పురస్కారాల్లో ఈ విభాగం కాస్త ముందే వచ్చింది. 2016 సినిమాలకు తొలిసారి ఫైట్ మాస్టర్ పీటర్ హెయిన్ దాన్ని అందుకున్నారు. ఆ తర్వాత ఆర్ఆర్ఆర్, హనుమాన్ ఫైట్ మాస్టర్లకూ దక్కింది. అయినా ఎంత ఆలస్యం! మూకీల కాలం నుంచీ మనుషులు గుర్రాల మీద నుంచి, మేడల మీద నుంచి పడుతూనే ఉన్నారు.

గోదావరి డెల్టాకు సాము కొత్త కాదు. అమలాపురం దసరా ఊరేగింపులో చెడీ తాలింఖానా అనే సాము ప్రదర్శన చూసినవారికి ఆ సంగతి తెలుసు. కళ్లకు గంతలు కట్టుకున్న మనిషి, మరొకరి ఒంటి మీద పెట్టిన కొబ్బరికాయను కత్తితో రెండుగా నరుకుతాడు. కింద పడుకున్నవాడు కదలడు. అక్కడ రెండో టేకు ఉండదు.

ఆ సీమలోనే, గౌతమి ఒడ్డున ఉన్న కోటిపల్లిలో 1913లో కె. రాఘవ పుట్టారు. చిన్నతనంలోనే ఇల్లు విడిచారు. మూకీల రోజుల్లో ట్రాలీ తోశారు, తర్వాత మద్రాసులో స్టంట్ కళాకారుడిగా పనిచేశారు. ముఖం కనబడకుండా దూకడమే డూపు పనిలో మొదటి నియమం. ముఖంతో పాటు పేరు కూడా మరుగున పడిపోవడమే నాకు అన్యాయంగా తోస్తుంది. ఆ పని చేసిన ఎందరి పేర్లో టైటిళ్లలో లేవు. రాఘవ పేరు మిగిలిందంటే, ఆయన నిర్మాత అయ్యారు కాబట్టి.

నిర్మాతగా ఆయన చూపు మళ్లీ డెల్టా వైపే తిరిగింది. 1972లో 'తాత మనవడు'తో పాలకొల్లు మనిషి దాసరి నారాయణరావుకు దర్శకుడిగా తొలి అవకాశం ఇచ్చారు. పదేళ్లకు అదే ఊరి కోడి రామకృష్ణకు 'ఇంట్లో రామయ్య వీధిలో కృష్ణయ్య' అప్పగించారు. ఆ ఏడాదే రాఘవ, రామకృష్ణల 'తరంగిణి'లో సుమన్, భానుచందర్ కలిసి నటించారు. ఇద్దరూ కరాటే నేర్చినవారే. అది ప్రేమకథే అయినా, తర్వాతి సినిమాల్లో ఇద్దరి కరాటే ఫైట్లూ కుర్రకారును ఊపేశాయి. హీరోయే స్వయంగా కాలు విసురుతుంటే చూసే ఆనందం వేరు. కానీ ఆ దెబ్బ తిని ఎగిరి పడేవాడు ఎవరో మనం అడగలేదు.

రాఘవకు 2009 సంవత్సరానికి, సినిమా రంగంలో జీవితకాల సేవకు ఇచ్చే రఘుపతి వెంకయ్య పురస్కారం వచ్చింది, నిర్మాతగా. 2018 జులై 31న, 105 ఏళ్ల వయసులో ఆయన కన్నుమూశారు.