సిలిన్ వారి ఇంటిపేరు

పిల్లలూ,

మొన్న మా మనవరాలు ఫోన్ చేసి "తాతయ్యా, అమాక్సిసిలిన్ అంటే అసలు అర్థం ఏంటి?" అని అడిగింది. చిగురు వాచి నొప్పెడితే పళ్ళ డాక్టర్ రాశారట. ఆయన్ని అడిగితే "యాంటీబయాటిక్ అమ్మా" అన్నారట, మెడికల్ షాపులో అడిగితే "ఇన్‌ఫెక్షన్ తగ్గడానికి" అన్నాడట. రెండూ నిజమే గానీ, అవి ఆ మందు చేసే పని చెప్పే మాటలు, పేరుకి అర్థం కాదు. ముప్పై ఏళ్ళు ఒక ప్రభుత్వాసుపత్రిలో మందుల కిటికీ వెనక కూర్చున్నాను, వేలమందికి ఆ క్యాప్సూల్స్ కాగితంలో చుట్టి ఇచ్చాను, ఒక్కరు కూడా ఈ ప్రశ్న అడగలేదు. ఫోన్లో చెప్తే నాకు తృప్తిగా లేదు. అందుకే దానికే కాకుండా మీ అందరికీ రాస్తున్నాను.

ముందు ఇంట్లో ఈ మందు స్ట్రిప్ ఉంటే చేతిలోకి తీసుకోండి. మనం గుర్తుపెట్టుకునే పేరు సాధారణంగా కంపెనీ పెట్టినది. అది మందు అసలు పేరు కాదు. పది కంపెనీలు పది పేర్లు పెట్టి అమ్ముతాయి, లోపల ఉండేది ఒకటే. ఆ పేరు వదిలేసి, వెనక వెండి రేకుని వెలుగుకి కాస్త వంచి పట్టుకుని మిగతా అక్షరాలు చదవండి. 'అమాక్సిసిలిన్ క్యాప్సూల్స్ ఐ.పి.' అని ఉంటుంది. ఐ.పి. అంటే ఇండియన్ ఫార్మకోపియా. ఏ మందు ఎంత స్వచ్ఛంగా ఉండాలో, ఎలా పరీక్షించాలో రాసిపెట్టిన మన దేశపు పుస్తకం అది, మొదటిసారి 1955లో వచ్చింది. ఆ కిందే 'అమాక్సిసిలిన్ ట్రైహైడ్రేట్, 500 మిల్లీగ్రాముల అమాక్సిసిలిన్‌కి సమానం' అని ఉంటుంది. ట్రై అంటే మూడు, హైడ్రేట్ అంటే నీటితో కూడినది. ఒక్కో మందు అణువుతో మూడు నీటి అణువులు కలిసి స్ఫటికం కట్టింది, ఆ నీటి బరువు తీసేసి లెక్కిస్తే 500 అని దాని అర్థం.

ఇక పేరులోకి వద్దాం. మన తెలుగువాళ్ళకి ఇంటిపేరు ముందు వస్తుంది, ఈ మందులకి చివర వస్తుంది. అమాక్సిసిలిన్, యాంపిసిలిన్, క్లాక్సాసిలిన్, పిపెరాసిలిన్. చివర 'సిలిన్' అని ఉన్నవాళ్ళంతా పెనిసిలిన్ ఇంటివాళ్ళే. ఇది ఎవరో సరదాకి పెట్టింది కాదు. మందులకి ప్రపంచమంతా ఒకే పేరు ఉండాలని ప్రపంచ ఆరోగ్య సంస్థ 1950లో తీర్మానం చేసింది, 1953 నుంచి ఆ పద్ధతి నడుస్తోంది. ఏ కుటుంబానికి ఏ తోక ఉండాలో వాళ్ళ దగ్గర పట్టిక ఉంటుంది. డాలస్‌లో ఉన్న మీ బాబాయి అక్కడి ఫార్మసీలో మన ఊరి కంపెనీ పేరు చెప్తే వాళ్ళకి తెలియకపోవచ్చు, అమాక్సిసిలిన్ అంటే వెంటనే తెలుస్తుంది. (అన్ని మందులకీ ఇలా కుదరలేదు. మన పారాసెటమాల్‌ని అమెరికాలో అసిటమినోఫెన్ అంటారు.)

మరి పెనిసిలిన్‌కి ఆ పేరెలా వచ్చింది? 1928 సెప్టెంబరులో లండన్‌లోని సెయింట్ మేరీస్ ఆసుపత్రిలో అలెగ్జాండర్ ఫ్లెమింగ్ అనే శాస్త్రవేత్త సెలవుల నుంచి తిరిగొచ్చి చూస్తే, ఆయన బాక్టీరియా పెంచుతున్న ఒక గాజు పళ్ళెంలో బూజు పట్టి ఉంది, ఆ బూజు చుట్టుపక్కల బాక్టీరియా కరిగిపోయి ఉంది. ఆ బూజు పెరిగిన ద్రవాన్ని వడకట్టి వాడేవాడు, మొదట్లో దాన్ని 'బూజు రసం' అనేవాడు. 1929లో వ్యాసం రాసేటప్పుడు మాటిమాటికీ ఆ పెద్ద మాట రాయలేక పెనిసిలిన్ అని పిలుస్తానని అందులోనే రాశాడు. ఆ బూజు పేరు పెనిసిలియం కాబట్టి పెనిసిలిన్. ఆ బూజుకి ఆ పేరు పెట్టింది మాత్రం అంతకు చాలా ముందే, 1809లో, లింక్ అనే జర్మన్ వృక్షశాస్త్రవేత్త. లాటిన్‌లో పెనిసిల్లస్ అంటే చిన్న కుంచె. సూక్ష్మదర్శినిలో చూస్తే ఆ బూజు కాడ చివర పాయలు పాయలుగా చీలి, బొమ్మలేసే కుంచెలాగే కనిపిస్తుంది. మన ఇళ్ళలో బత్తాయి మీదా నిమ్మకాయ మీదా తెల్లటి అంచుతో పచ్చగా పట్టేది ఎక్కువగా ఈ జాతి బూజే. అలాగని అది మందు అనుకోకండి, ఆ కాయ పారేయండి.

ఇక్కడ నాకు చాలా ఇష్టమైన సంగతి ఒకటుంది. మన పల్లెల్లో ఎవరూ పెనిసిలిన్ అనరు, 'పెన్సిలిన్ సూది' అంటారు. చదువుకున్నవాళ్ళు అది తప్పని దిద్దుతారు. కానీ పెన్సిల్ అనే మాట కూడా ఆ కుంచె నుంచే వచ్చింది! సీసపు పుల్ల రాకముందు పెన్సిల్ అంటే సన్నటి కుంచె. అంటే మీ కంపాస్ బాక్సులో పెన్సిలూ, ఆసుపత్రిలో పెనిసిలినూ మాటల్లో దగ్గర బంధువులు. పెన్ను మాత్రం వేరే ఇల్లు, అది ఈక అనే మాట నుంచి వచ్చింది. మా అమ్మమ్మ పెన్సిలిన్ అన్నప్పుడు తెలియకుండానే ఆ చుట్టరికాన్ని పట్టుకుంది.

ఆ బూజు రసం మందుగా మారడానికి ఇంకో పన్నెండేళ్ళు పట్టింది. ఆక్స్‌ఫర్డ్‌లో ఫ్లోరీ, చెయిన్, హీట్లీ అనే శాస్త్రవేత్తలు, వాళ్ళ జట్టు కష్టపడి కొద్దికొద్దిగా తీశారు. పాత్రలు దొరక్క ఆసుపత్రిలో రోగులు మంచం మీదే వాడే మలపాత్రల్లో కూడా బూజు పెంచారు. 1941 ఫిబ్రవరిలో ఆల్బర్ట్ అలెగ్జాండర్ అనే పోలీసు కానిస్టేబుల్‌కి వాళ్ళు మొదటిసారి వైద్యంగా ఇచ్చారు. ఒళ్ళంతా చీము పట్టి చావుకి దగ్గరైన మనిషి రోజుల్లో తేరుకున్నాడు, అన్నం తినగలిగాడు. అంతలో మందు అయిపోయింది. ఆయన మూత్రంలోంచి పోయిన మందుని కూడా తిరిగి తీసి ఎక్కించారు, అదీ చాలలేదు. మార్చిలో చనిపోయాడు. క్యాప్సూల్ సగంలో ఆపేసి డ్రాయర్లో పడేసేవాళ్ళని చూస్తే నాకు ఆ కానిస్టేబులే గుర్తొస్తాడు.

'అమాక్సి' సంగతి చెప్పాలి. మొదటి పెనిసిలిన్‌ని మింగితే కడుపులోని ఆమ్లం చాలావరకు పాడుచేసేది, అందుకే సూది. శాస్త్రవేత్తలు దానికి నైట్రోజన్ ఉన్న ఒక చిన్న ముక్క తగిలించారు, దాన్ని అమైనో అంటారు. అమైనో ఉన్న పెనిసిలిన్ యాంపిసిలిన్ అయింది, 1961లో వచ్చింది. దానికి ఇంకొక్క ఆక్సిజన్ పరమాణువు చేర్చితే అమైనో, ఆక్సీ, సిలిన్. అమాక్సిసిలిన్, 1972. పాత స్ట్రిప్పుల మీద స్పెల్లింగ్‌లో 'ఐ' బదులు 'వై' కనిపిస్తుంది, అది బ్రిటిష్ వాళ్ళ పద్ధతి, అందులో 'ఆక్సీ' ఇంకా స్పష్టంగా కనపడేది. యాంపిసిలిన్‌కీ అమాక్సిసిలిన్‌కీ తేడా ఆ ఒక్క ఆక్సిజన్ పరమాణువే. దానివల్ల మందు పేగుల్లోంచి రక్తంలోకి బాగా ఎక్కుతుంది, యాంపిసిలిన్ రోజుకి నాలుగుసార్లు మింగాల్సిన చోట దీన్ని మూడుసార్లు మింగితే సరిపోతుంది.

ఇంత చరిత్ర ఎందుకు తాతయ్యా అంటారేమో. మా అక్క కోసం.

చిన్నప్పుడు మా అక్కకి పెనిసిలిన్ సూది ముందు టెస్ట్ డోస్ వేశారు. ముంజేతి మీద చర్మంలోకి ఒక్క చుక్క ఎక్కించి, చుట్టూ బాల్‌పెన్నుతో గుండ్రంగా గీత గీసి, కాసేపు బెంచీ మీద కూర్చోమన్నారు. చూస్తుండగానే ఆ గీత దాటి దద్దు లేచింది. "ఈ పాపకి పెన్సిలిన్ సూది పడదు" అని నర్సమ్మ చెప్పింది, మా అమ్మ జీవితాంతం ఆ మాటే అందరికీ చెప్పింది, అక్క కూడా అలాగే గుర్తుపెట్టుకుంది: సూది పడదు. నలభై ఏళ్ళ తర్వాత చెవిపోటు వచ్చి ఒక షాపుకెళ్ళి చెప్తే, చీటీ లేకుండానే క్యాప్సూల్స్ ఇచ్చారు. స్ట్రిప్ మీద ఏదో కంపెనీ పేరు. సూది కాదు కదా, బిళ్ళే కదా అని వేసుకుంది. అరగంటలో పెదాలు వాచి, ఒళ్ళంతా దద్దుర్లు, ఊపిరి అందక ఆటోలో ఆసుపత్రికి తీసుకెళ్ళాం. ఆ రోజు మేం పడిన టెన్షన్ ఇప్పటికీ మర్చిపోలేను. దేవుడి దయవల్ల బతికింది. నేను ఇంటికొచ్చి ఆ స్ట్రిప్ తిప్పి చూస్తే చిన్న అక్షరాల్లో, చివర సిలిన్. ఆమెకి పడనిది సూది కాదు, ఆ ఇల్లు మొత్తం. నేను ఆ శాఖలోనే పనిచేస్తూ కూడా మా అక్కకి ఆ ఒక్క ముక్క చెప్పలేదు, ఆ బాధ నాకు ఇంకా ఉంది.

కాబట్టి ఇంట్లో ఎవరికైనా ఏ మందైనా పడకపోతే, 'తెల్ల క్యాప్సూల్ పడదు', 'ఆ సూది పడదు' అని కాకుండా అసలు పేరుతో రాసి పెట్టుకోండి, కొత్త డాక్టర్ దగ్గరికి వెళ్ళినప్పుడు వాళ్ళు అడగకపోయినా చెప్పండి.

షాపుల్లో "625 ఒక స్ట్రిప్ ఇవ్వండి" అని అడగడం మీరు వినే ఉంటారు. పేరు పోయి అంకె మిగిలింది. ఆ అంకె వెనక కూడా మన అమాక్సిసిలినే ఉంది. 500 అమాక్సిసిలిన్, 125 క్లావులానిక్ ఆమ్లం, కలిపితే 625. కొన్ని బాక్టీరియా పెనిసిలిన్‌ని కోసేసే ఎంజైమ్ తయారుచేసుకుంటాయి. క్లావులానిక్ ఆమ్లం స్వయంగా బాక్టీరియాని పెద్దగా చంపదు, ఆ ఎంజైమ్‌కి అడ్డంపడి దాన్ని పనిచేయకుండా చేస్తుంది, ఈలోగా అమాక్సిసిలిన్ తన పని చేసుకుంటుంది. అంటే 625 అనేది 500 కంటే పవర్ ఎక్కువున్న మందు కాదు, వేరే అవసరానికి వాడే మందు. కిటికీ దగ్గర "ఇంకా పవర్ ఉన్నది ఇవ్వండి సార్" అని అడిగిన వాళ్ళకి నేను ఎన్నిసార్లు చెప్పానో. 625 అని అడిగే మనిషికి అందులో సిలిన్ ఉందన్న సంగతే కనపడదు, నాకు భయం అక్కడే.

జలుబుకి ఇది ఎందుకు పనిచేయదో కూడా ఒక్క మాటలో చెప్తాను. బాక్టీరియా ఒంటి చుట్టూ గట్టి గోడ ఉంటుంది. అది పెరిగేటప్పుడు ఆ గోడ అల్లిక బిగించే ఎంజైమ్‌ని సిలిన్‌లు పట్టేస్తాయి, గోడ బలహీనమై లోపలికి నీళ్ళు చొరబడి బాక్టీరియా పగిలిపోతుంది. మన కణాలకి అలాంటి గోడ లేదు కాబట్టి మనకి ఆ దెబ్బ తగలదు. జలుబు వైరస్‌కీ ఆ గోడ లేదు. లేని గోడని కూల్చేదేముంది? ఊరికే కడుపు పాడవుతుంది, ఒంట్లో ఉన్న మంచి బాక్టీరియా పోతుంది, మిగిలినవి మందుకి అలవాటు పడతాయి. ఫ్లెమింగ్ 1945లో నోబెల్ అందుకున్నప్పుడు ఇచ్చిన ఉపన్యాసంలోనే ఈ సంగతి ఒక చిన్న కథగా చెప్పాడు. గొంతునొప్పి వచ్చిన ఒకాయన పెనిసిలిన్ తనే కొనుక్కుని చాలీచాలకుండా వాడతాడు, క్రిములు చావకపోగా మందుని తట్టుకోవడం నేర్చుకుంటాయి, అవి ఆయన భార్యకి అంటుకుంటాయి, ఆమెకి మందు పనిచేయక చనిపోతుంది. మందు బజారులోకి వచ్చిన కొత్తలోనే చెప్పిన మాట ఇది. అందుకే ఎన్ని పూటలు, ఎన్ని రోజులు అన్నది డాక్టర్ చెప్పినట్టే వాడండి, మిగిలినవి దాచి చెల్లికి వేయకండి.

'మైసిన్' అని వచ్చే మందులు కూడా ఒకే కుటుంబమా అని మనవరాలు రెండో ప్రశ్న వేసింది. కాదు. సిలిన్ రక్తసంబంధం చెప్పే ఇంటిపేరు అయితే, మైసిన్ అనేది ఊరిపేరు లాంటిది. మట్టిలో ఉండే స్ట్రెప్టోమైసిస్ జాతి బాక్టీరియా నుంచి పుట్టినవాటికి ఆ పేరు పెట్టారు. ఒకే ఊరివాళ్ళు చుట్టాలు కానక్కర్లేదు కదా, స్ట్రెప్టోమైసిన్‌కీ ఎరిత్రోమైసిన్‌కీ పోలికే ఉండదు. ఆ ఊరి నుంచి వచ్చిన ఆరియోమైసిన్ అమెరికాలో లెడర్లే ప్రయోగశాలలో దొరికినప్పుడు అక్కడ పరిశోధనలన్నిటికీ పెద్ద మన భీమవరంలో పుట్టిన యల్లాప్రగడ సుబ్బారావు గారు. బంగారు రంగులో ఉందని ఆరియో అన్నారు, లాటిన్‌లో బంగారానికి ఆ మాట. తర్వాత ఒక బూజు జాతికి ఆయన పేరు కలిపి సుబ్బారోమైసిస్ అని పెట్టారు. ఆయన గురించి విడిగా పెద్ద ఉత్తరం రాయాలి, రెండు ముక్కల్లో అయ్యేది కాదు.

ఈ వారం మీ ఇంట్లో ఉన్న స్ట్రిప్పులూ సీసాలూ ఒకచోట పెట్టి, ఏది ఏ ఇంటిదో చిన్న అక్షరాల్లో చదివి నాకు రాసి పంపండి. తమ్ముడి యాంటీబయాటిక్ పొడి సీసా ఉంటే కాచి చల్లార్చిన నీళ్ళు గీత దాకా పోసిన తేదీ దాని మీద ఉందో లేదో చూడండి. కలిపాక ఎన్నాళ్ళు పనికొస్తుందో లేబుల్ మీదే ఉంటుంది, తేదీ లేకపోతే ఆ సంగతి తేలదు. ఎక్కడైనా క్లాక్సాసిలిన్ కనిపిస్తే అందులో కూడా 'ఆక్స్' ఉందే అని అమాక్సిసిలిన్‌తో కలిపేయకండి, ఈ 'ఆక్స్' వేరు, ఐసాక్సజోల్ అనే, పరమాణువులు ఉంగరంలా గుండ్రంగా కూడిన ముక్క నుంచి వచ్చింది, ముందున్న 'క్ల' క్లోరిన్. ఆ కథ మీ జవాబు వచ్చాక రాస్తాను.

మీ
తాతయ్య