హాక్నీ డౌన్స్ మగపిల్లల బడి: అపోహలు – వాస్తవాలు

తూర్పు లండన్‌లో హాక్నీ డౌన్స్ అనే మగపిల్లల సెకండరీ బడి ఉండేది. 1876లో మొదలై 1995 డిసెంబరులో మూతపడింది. 11వ ఏట ఎంపిక పరీక్ష పెట్టకుండా అందరినీ చేర్చుకునే కాంప్రహెన్సివ్ బడులు మంచివా కావా అని ఇంగ్లండులో ఎప్పుడు వాదన లేచినా ఈ బడి పేరు వస్తుంది. అక్కడ స్థిరపడిన తెలుగువాళ్ల ఇళ్లలోనూ పిల్లలకు తొమ్మిదో ఏడు రాగానే 11వ ఏట పరీక్ష పెట్టి ఎంపిక చేసుకునే గ్రామర్ స్కూలు కోసం కోచింగా, దగ్గర్లోని కాంప్రహెన్సివా అన్న చర్చ మొదలవుతుంది. బడుల చరిత్ర తిరగేసేవాళ్లు మార్కుల పట్టిక కంటే ముందు అడ్మిషన్ రిజిస్టర్ తెరవాలి. ఎవరు చేరారో తెలియకుండా ఎలా చదివారో తేల్చలేం.

అపోహ: ఇది మొదటి నుంచీ పేద పిల్లలకు ఉచితంగా చదువు చెప్పిన సర్కారు బడి.

వాస్తవం: కాదు. గ్రోసర్స్ కంపెనీ అనే పాత లండన్ వర్తక సంఘం ఫీజు కట్టగలిగిన మధ్యతరగతి పిల్లల కోసం పెట్టింది. 1906లో లండన్ కౌంటీ కౌన్సిల్ చేతికి వచ్చింది. ప్రభుత్వ గ్రాంటు తీసుకునే సెకండరీ బడులు నాలుగో వంతు సీట్లు ప్రాథమిక బడుల పిల్లలకు ఉచితంగా ఇవ్వాలన్న నిబంధన 1907లో వచ్చింది. ఇలాంటి బడుల్లో ఫీజులు పూర్తిగా పోయింది 1944 చట్టం తర్వాత, 1945లో. ఫీజు పోయినా ఎంపిక పోలేదు. 2005లో నోబెల్ అందుకున్న నాటక రచయిత హెరాల్డ్ పింటర్ ఇక్కడే చదివాడు, అయితే అది గ్రామర్ స్కూలుగా ఉన్న రోజుల్లో. ఆయన పేరు చెప్పి తర్వాతి కాలాన్ని కించపరచడం న్యాయం కాదు.

అపోహ: 1965లో లేబర్ ప్రభుత్వం చట్టం చేసి గ్రామర్ స్కూళ్లను రద్దు చేసింది.

వాస్తవం: వచ్చింది చట్టం కాదు, 10/65 అనే సర్క్యులర్. కాంప్రహెన్సివ్ పద్ధతికి మారే ప్రణాళికలు పంపండని విద్యామంత్రి ఆంథనీ క్రాస్లండ్ స్థానిక విద్యాధికార సంస్థలను కోరారు, అంతే. 1970లో మార్గరెట్ థాచర్ విద్యామంత్రి అయి ఆ సర్క్యులర్‌ను వెనక్కి తీసుకున్నారు, అయినా కాంప్రహెన్సివ్‌గా మారతామన్న ప్రతిపాదనలు పెద్ద సంఖ్యలో ఆమోదం పొందింది ఆమె హయాంలోనే. ఇంగ్లండులో ఇప్పటికీ 163 ప్రభుత్వ గ్రామర్ స్కూళ్లు ఉన్నాయి.

అపోహ: 1969లో కాంప్రహెన్సివ్ అయిన మరునాటి నుంచే ఫలితాలు పడిపోయాయి.

వాస్తవం: లెక్క వేసి చూడండి. బడి పద్ధతి మారితే ముందుగా మారేది ఆ ఏడు చేరే 11 ఏళ్ల పిల్లలే. పై తరగతుల్లో ఉన్నవాళ్లు పాత ఎంపికలో వచ్చినవాళ్లు. 1969 సెప్టెంబరులో చేరిన పిల్లాడు 16వ ఏట రాసే ‘ఓ లెవెల్’ పరీక్ష రాసేది 1974 వేసవిలో, 18వ ఏట రాసే ‘ఏ లెవెల్’ 1976లో. మధ్యలో ఏ సంవత్సరం ఫలితం తీసుకున్నా అందులో గ్రామర్ స్కూలు పిల్లలున్నట్టే. పైగా లోపలి లండన్‌లో ప్రభుత్వ గ్రామర్ స్కూళ్లు 1977 దాకా నడిచాయి. పక్క బడి మీగడ తీసుకున్నాక మిగిలినవాళ్లతో నడిచే బడి పేరుకే కాంప్రహెన్సివ్.

అపోహ: కాంప్రహెన్సివ్‌లో అందరినీ ఒకే గదిలో కూర్చోబెడతారు.

వాస్తవం: కొన్నిచోట్ల అలా చేశారు, చాలాచోట్ల చేయలేదు. అన్ని సబ్జెక్టులకూ ఒకే స్థాయి సెక్షన్లు చేయడం ఒక పద్ధతి, లెక్కలకూ ఇంగ్లిషుకూ మాత్రమే విడిగా చేయడం ఇంకోటి. లోపలి లండన్ విద్యాధికార సంస్థ పిల్లలను చేరికకు ముందే సామర్థ్యాన్ని బట్టి మూడు బ్యాండ్లుగా విభజించేది: పై 25 శాతం, నడిమి 50, కింది 25. ప్రతి బడికీ మూడింటి నుంచీ పిల్లలు వెళ్లాలన్నది ఉద్దేశం. తల్లిదండ్రులు ఒక బడిని వద్దనుకుంటే మొదట ఖాళీ అయ్యేది మాత్రం పై బ్యాండే.

అపోహ: టీచర్లు పాఠాలు చెప్పలేదు, అందుకే మూసేశారు.

వాస్తవం: చదువులో లోపాలు నిజమే. 1994లో బడులను తనిఖీ చేసే సంస్థ ఆఫ్‌స్టెడ్ చూసివెళ్లాక, విఫలమవుతున్న బడులకు పెట్టే ‘ప్రత్యేక చర్యల’ కింద దీన్ని పెట్టారు. కానీ అక్కడిదాకా ఎలా వచ్చిందన్నది చేరికల్లో కనిపిస్తుంది. ఇంగ్లండులో జననాలు 1964 తర్వాత 1977 దాకా తగ్గుతూ వచ్చాయి. అంటే సెకండరీలో చేరే పిల్లల సంఖ్య 1975 తర్వాత దశాబ్దానికి పైగా తగ్గాల్సిందే. మగపిల్లల బడికి దెబ్బ రెండింతలు: ఆడపిల్లల తల్లిదండ్రులు ఆడపిల్లల బడి కోరుకుంటారు, దాంతో కలిసి చదివే బడుల్లో మగపిల్లలకు సీట్లు మిగులుతాయి; మగపిల్లల తల్లిదండ్రుల్లో చాలామంది ఇద్దరూ కలిసి చదివే బడి కోరుకుంటారు.

చేరికలు తగ్గితే బడి లోపల ఏం జరుగుతుందో ఒక ఉదాహరణ. ఏడాదికి 150 మంది అయితే 30 మంది చొప్పున ఐదు సెక్షన్లు, లెక్కలకు ఐదు స్థాయిలు పెట్టొచ్చు. అది 60కి దిగితే రెండే సెక్షన్లు. జర్మన్ కావాలన్న ఆరుగురికి టీచరును పెట్టలేరు. ఫిజిక్స్ టీచరు వెళ్లిపోతే ఆ పోస్టు భర్తీ కాదు. 1988 చట్టంతో పిల్లల సంఖ్యను బట్టే డబ్బు రావడం మొదలైంది, సీటు ఖాళీ ఉంటే కాదనడానికి వీల్లేకుండా పోయింది. దాంతో వేరే బడుల నుంచి పంపించేసినవాళ్లు, ఏడాది మధ్యలో వేరే దేశం నుంచి వచ్చినవాళ్లు ఖాళీలున్న బడికే చేరతారు. వాళ్లకు ఎక్కువ సాయం కావాలి, చూస్తే ఉన్న టీచర్లే తగ్గిపోతున్నారు. 1990లో లోపలి లండన్ విద్యాధికార సంస్థే రద్దయి బడి హాక్నీ కౌన్సిల్ కిందికి వచ్చింది. 1992 నుంచి పరీక్షా ఫలితాల జాబితాలు పత్రికలకెక్కాయి. వాటిలో ఉన్నది మార్కులే, పిల్లాడు ఎక్కడ మొదలయ్యాడో లేదు.

మూసేయాలనుకున్న కౌన్సిల్ 1995లో వెనక్కి తగ్గింది. జూలైలో విద్యామంత్రి జిలియన్ షెపర్డ్ ఒక ప్రత్యేక బృందానికి బడిని అప్పగించారు. ఆ బృందం శరదృతువులోనే మూసివేతకు సిఫారసు చేసింది. తల్లిదండ్రులు కోర్టుకెళ్లినా ఆగలేదు. పిల్లలకు హోమర్టన్ హౌస్ అనే బడిలో చోటు చూపించారు. చదువు నడుస్తున్న సంవత్సరం మధ్యలో, పరీక్ష ఏడాదిలో ఉన్నవాళ్లను కూడా కదిలించడం మా దృష్టిలో ఈ కథలో అన్నిటికన్నా కఠినమైన నిర్ణయం.

అపోహ: అదే స్థలంలో, అవే పిల్లలతో మాస్‌బోర్న్ అకాడమీ అద్భుతం చేసి చూపించింది.

వాస్తవం: మాస్‌బోర్న్ అకాడమీ, అంటే ప్రభుత్వ డబ్బుతో నడిచినా కౌన్సిల్ కింద లేని బడి. దాని పనితనం నిజం, పోలిక నిజం కాదు. అది 2004లో మొదలైంది, అంటే మధ్యలో దాదాపు తొమ్మిదేళ్ల ఖాళీ. ఆడ, మగ ఇద్దరికీ చోటు ఉంది. రిచర్డ్ రోజర్స్ సంస్థ రూపకల్పన చేసిన కొత్త భవనం. ప్రిన్సిపాల్ మైకేల్ విల్షా మొదటి ఏడు 11 ఏళ్లవాళ్లనే చేర్చుకుని, ఏటా ఒక తరగతి పెంచుకుంటూ వెళ్లారు, ఓ లెవెల్ స్థానంలో వచ్చిన జీసీఎస్ఈ పరీక్షను మొదటి బ్యాచి 2009లో రాసింది. ప్రవేశాల్లో సామర్థ్యాల వారీ బ్యాండ్లు పెట్టి అన్ని స్థాయిల పిల్లలూ వచ్చేలా చూసుకున్నారు. పాత బడికి చివరి రోజుల్లో లేనిది సరిగ్గా అదే. రెండు బడులనూ నిజాయితీగా పోల్చాలంటే 11వ ఏట పిల్లల స్థాయి ఎంతో రెండు వైపులా తెలియాలి. ఆ వయసుకు దేశమంతటా ఒకే పరీక్షలు తప్పనిసరి అయింది 1995లో, హాక్నీ డౌన్స్ మూతపడిన ఏడాదే.