మబ్బుకోట జబ్బు గురించి పిల్లకాయలకు

పిల్లకాయలూ,

మీరిద్దరూ రాస్తున్న కథ మొన్న మీ అమ్మ ఫోన్లో పంపింది. కళ్లద్దాలు పెట్టుకుని రెండుసార్లు చదివాను. మబ్బుకోట రాజ్యంలో జనం మెల్లమెల్లగా బిగుసుకుపోయి రాళ్లయిపోవడం, వైద్యులకి అంతు చిక్కకపోవడం, బాగుంది. గొడవల్లా అక్కణ్ణించే. మాంత్రికుడి శాపం అని చెల్లి, శాపమంటే చీటింగ్, నరాలకి ఆ జబ్బు ఎట్లా పట్టిందో చెప్పి తీరాలని అన్న, తాతని అడగండని మీ అమ్మ. నేను డాక్టర్ని కాను. కాకపోతే కనిగిరి పక్క పుట్టినవాణ్ణి, మీరు కల్పించామనుకుంటున్న జబ్బుని మా వీధిలో చూసినవాణ్ణి.

ముందు మీ నిక్కరు బొందు చూడండి. ఎలాస్టిక్ అయితే మీ నాన్న పైజామా తెచ్చుకోండి. నడుము చుట్టూ గుడ్డ మడిచి కుట్టిన సొరంగంలో బొందు అటూ ఇటూ హాయిగా కదులుతుందా? వెన్నెముకా అంతే. ఒకదానిమీద ఒకటి పేర్చిన ఎముకలు, వాటిలో పైనుంచి కిందికి ఒక సొరంగం, అందులో వెన్నుపాము అనే బొందు. మెదడు చెప్పిన మాట కాళ్లకి చేరాలంటే దాని గుండానే పోవాలి, ఎముకల సందుల్లోంచి పోగులు పోగులుగా చీలి చేతులకీ కాళ్లకీ పోతుంది.

మా రోజుల్లో కొత్త ఖాకీ నిక్కరు ఒక్క ఉతుకుకే ముడుచుకుపోయేది, సొరంగం ఇరుకై బొందు బిగిసిపోయేది, గట్టిగా లాగితే ఒక కొస లోపలికి పోయేది. అమ్మ దానికి పిన్నీసు గుచ్చి తోస్తూ ఉంటే స్కూలు గంట వినపడేది. ఒకరోజు బొందు లేకుండానే ఒక చేత్తో నిక్కరు పట్టుకుని పరిగెత్తాను. ప్రార్థనలో రెండు చేతులూ జోడించమన్నారు. ఆ తర్వాతి సంగతి మీకెందుకులే.

ఏం చెప్తున్నాను? ఆ, బొందు. బొందుకి ఏ రోగమూ లేదు, గుడ్డ ముడుచుకుంది. మా పక్క నేలలో ఫ్లోరైడ్ ఉన్న రాళ్లున్నాయి, అది ఊటనీళ్లలో కరుగుతుంది. లీటరుకి 1.5 మిల్లీగ్రాములు దాటకూడదంటారు. అంతకు బాగా మించిన నీళ్లు ఏళ్ల తరబడి తాగితే అది ఎముకల్లో చేరి వాటిని లావు చేస్తుంది, ఎముకల్ని కలిపి పట్టుకునే పట్టీలు కూడా ఎముకలాగే గట్టిపడతాయి. సొరంగం ఇరుకై లోపల వెన్నుపాము నలుగుతుంది. కాళ్లు తిమ్మిరెక్కుతాయి, బిగుస్తాయి, కొందరు ఇక నడవలేరు. అంటే అన్న సగమే గెలిచాడు, పాడైంది నరాలే కానీ జబ్బు మొదలైంది నరాల్లో కాదు. మా జేజి దీన్ని మామూలుగా వాతం అనేది, కోపమొస్తే శాపం అనేది, కాబట్టి చెల్లి కూడా మరీ ఓడిపోలేదు. మన దేశంలో డాక్టర్లు ఈ జబ్బుని గుర్తించి రాసిపెట్టింది 1937లో, మన నెల్లూరు జిల్లాలోనే. కనిగిరి, పొదిలి అప్పట్లో నెల్లూరు కిందే ఉండేవి, ఒంగోలు జిల్లా ఏర్పడింది 1970లో, దానికి ప్రకాశం పేరు ఆ తర్వాత పెట్టారు.

మా వీధిలో ఒక పెద్దాయన మెడ తిప్పలేడు. వెనకనుంచి పిలిస్తే కర్ర ఊతంగా రెండడుగులు వేసి మనిషి మొత్తం తిరగాలి. మేం పిల్లకాయలం ఒకడు ఇటునుంచి, ఒకడు అటునుంచి పిలిచి దాక్కునేవాళ్లం. ఆయన ప్రతిసారీ తిరిగేవాడు, ఒక్కసారీ తిట్టలేదు. ఇప్పుడు నా మెడ కొంచెం పట్టేస్తే చాలు, ఆయనే గుర్తొస్తాడు. మీరు మాత్రం ఎవరితోనూ అట్లాంటి ఆటలు ఆడొద్దు, ఇది తాత మాట. ఆయన నడుం వంగిపోయింది, తల పైకెత్తలేడు. పున్నమినాడు గొడ్లు నీళ్లు తాగే తొట్టి దగ్గరికి వచ్చి నిలబడేవాడు. ఎందుకో నాకు చాలాకాలం తెలియలేదు, ఒకసారి పక్కన నిలబడి చూస్తే తొట్టిలో చందమామ ఉన్నాడు.

ఇక మీ కథ. మబ్బుకోట బావిలో నీళ్లు నల్లగా కంపు కొడుతున్నాయని రాశారు, అది కొట్టేయండి. ఫ్లోరైడ్‌కి రంగు లేదు, వాసన లేదు, నాలుకకి తెలియదు. నీళ్లు కాచినా పోదు, ఆవిరి పోయేకొద్దీ ఇంకా చిక్కబడుతుంది. ఒకే ఊళ్లో ఒక బావి మంచిది, పక్కది కాదు, అందుకని మీ రాకుమారి కత్తి పట్టుకుని మాంత్రికుడి మీదికి పోయేబదులు సీసాలు పట్టుకుని బావి బావికీ తిరిగితే నాకు ఇంకా నచ్చుతుంది. తను ముందు పిల్లల పళ్లు చూడాలి, మచ్చలు అక్కడే మొదట కనపడతాయి. చివర్లో ఒక్క మూలికతో అందర్నీ లేపి పరిగెత్తించారు చూశారా, అది మాత్రం ఒప్పుకోను. బిగిసిన ఎముక మళ్లీ మెత్తబడదు. నీళ్లు మారిస్తే తర్వాత పుట్టేవాళ్లు బాగుంటారు. పెద్దవాళ్లని రాళ్లుగానే ఉంచి కథ ఎట్లా ముగిస్తారో మీరే చూసుకోండి.

ఈ ఉత్తరం పక్కన పెట్టి ఒక పని చేయండి. మెడ వెనక, కాలర్ దగ్గర వేలు పెడితే ఒక బొడిపె తగులుతుంది. వేలు అక్కడే ఉంచి గడ్డం గుండెకి ఆనించండి, మళ్లీ తల ఎత్తండి. వేలి కింద ఏం కదిలిందో రాసి పంపండి. ఈ రాత్రి మబ్బు లేకపోతే మిద్దె మీద చేయండి.

మీ తాత