స్టేజీ నుంచి సీరియల్ దాకా: నటన మీద నేను రోజూ వినే అపోహలు, అసలు వాస్తవాలు

మొన్న ఒక పెళ్ళిలో భోజనాల దగ్గర మా బంధువుల కుర్రాడొకడు "బాబాయ్, మీ నాటకాల వాళ్ళు టీవీలో కూడా అలా అరుస్తారేంటి" అన్నాడు. చేతిలో పూర్ణం ఉంది కదా అని నవ్వేసి ఊరుకున్నా గానీ ఆ మాట బుర్రలోంచి పోలేదు. పరిషత్తు నాటికలతో (అంటే మార్కులేసే నాటక పోటీలతో) మొదలెట్టి, సీరియల్స్‌లో నాన్న వేషాలు వేసి, ఇప్పుడు నాటికలు డైరెక్ట్ చేస్తూ పిల్లలకి క్లాసులు చెప్పుకుంటున్నా, అందుకే నాకు తెలిసింది రాస్తున్నా.

అపోహ: స్టేజీ నటులకి ఓవరాక్షన్ అలవాటు, టీవీకి పనికిరారు.

పద్యనాటకాల రోజుల్లో మైకు లేకుండా ఆరుబయట చివర కూర్చున్నోడికి కూడా పద్యం వినపడాలి, ఆ గొంతే మాకు వారసత్వంగా వచ్చింది. తర్వాత పైనుంచి వేలాడే మైకులొచ్చాయి, అదింకో తంటా, పాత్రలన్నీ వచ్చి మైకు కిందే నిలబడి మాట్లాడతాయి (నేనూ చేశా, మార్కులు పోయాయి). గొంతు తగ్గించడం రెండ్రోజుల్లో వచ్చేస్తుందండీ. అంత తేలిగ్గా రానిది వేరే ఉంది. నాటికలో గంటసేపు ఒకే ఊపు, మొదట్లో రాజుకున్న కోపం చివర్లో భగ్గుమంటుంది. సీరియల్లో హాలు సెట్ వేస్తే ఆ హాల్లో జరిగే సీన్లన్నీ, ఏ ఎపిసోడ్‌వి అయినా సరే, వరసపెట్టి లాగించేస్తారు, పొద్దున కూతురు పోయిందని ఏడ్చి మధ్యాహ్నం అదే కూతురికి పెళ్ళిచూపులు. పైగా రియాక్షన్ షాట్లు, అంటే ఎదుటివాళ్ళ మాటకి మన మొహం ఎలా మారిందో అదొక్కటే తీసేవి. ఎదురుగా మనిషే ఉండడు, అసిస్టెంట్ చెయ్యెత్తి "ఇటు చూడండి సార్" అంటాడు, ఆ చేతిని చూస్తూ కొడుకుని చూసినట్టు కరిగిపోవాలి.

అపోహ: సీరియల్ వాళ్ళకి డైలాగులు రావు, అంతా ప్రాంప్టింగే.

ప్రాంప్టింగ్ ఉన్నమాట నిజమే, నేనూ మొదట్లో వెక్కిరించా, నెల రోజులు రిహార్సల్ చేసి కామాతో సహా కంఠతా పట్టే రకం కదా మనం! మొదటి రోజు పేపరు ఇవ్వగానే మూల కూర్చుని బట్టీ పట్టేశా, తీరా షాట్ టైముకి డైలాగ్ మార్చేశారు, నోరు పెగల్లేదు. పక్కన వేస్తున్న కన్నడ అమ్మాయికి అప్పటికి తెలుగు సరిగ్గా రాదు, అయినా కెమెరా పక్కనుంచి ఒక్కో ముక్కా అందిస్తుంటే అది వింటూనే, వింటున్నట్టు మొహంలో తెలీకుండా, భావం చెడకుండా అప్పజెప్పేస్తోంది. అదో విద్య. రోజుకో ఎపిసోడ్ ఎయిర్ అవ్వాలంటే సీను పేపరు సెట్‌కి వచ్చేదే ఆఖరి నిమిషంలో, బట్టీ పట్టే టైము ఎక్కడిది. అయినా మన పాత నాటకాల్లో మాత్రం తెర పక్కన పుస్తకం పట్టుకుని ప్రాంప్టరు ఉండేవాడు కాదా?

అపోహ: ఒకప్పుడు ఆడవేషాలన్నీ మగవాళ్ళే వేసేవాళ్ళు.

సగమే నిజం. సత్యభామ అంటే స్థానం నరసింహారావు గారే, 1956లో పద్మశ్రీ కూడా వచ్చింది. కానీ 1885లో వనారస గోవిందరావు గారితో మొదలైన సురభి నాటక సమాజంలో ఆ కుటుంబాల ఆడవాళ్ళే ఆడవేషాలు కట్టారు.

అపోహ: వేషాలు రానివాళ్ళే టీచర్లు అవుతారు.

ఇది వింటే మాత్రం నాకు ఒళ్ళు మండుతుంది. ఢిల్లీలో నేషనల్ స్కూల్ ఆఫ్ డ్రామాని 1962 నుంచి 1977 దాకా నడిపిన అల్కాజీ గారి దగ్గరే నసీరుద్దీన్ షా, ఓంపురి నేర్చుకున్నారు. బి.వి. కారంత్ గారు చిన్నప్పుడే గుబ్బి వీరణ్ణ గారి కన్నడ నాటక కంపెనీలో చేరి, తర్వాత ఆ ఢిల్లీ స్కూల్లో చదివి, దానికే డైరెక్టర్ అయ్యారు, మన సురభి వాళ్ళతోనూ పనిచేశారు. వీళ్ళకి చేతకాకే పాఠాలు చెప్పారా? నా సంగతికొస్తే క్లాసులో ఒక పిల్ల "సార్, ఎదుటివాళ్ళు మాట్లాడుతుంటే నేనేం చెయ్యాలి" అని అడిగినప్పుడు గుటక పడలేదు, ఎందుకంటే ఇరవై ఏళ్ళుగా నేను చేసింది నా వంతు ఎప్పుడొస్తుందా అని కాచుకోవడమే. ఆ కన్నడ అమ్మాయి నాకంటే బాగా వినేది. డైరెక్షన్‌లోనూ అంతే, మొదట్లో ప్రతి పాత్రా నేనే చేసి చూపించేవాణ్ణి, దాంతో స్టేజీ మీద అయిదుగురూ నాలాగే నడిచేవాళ్ళు.

అపోహ: టీవీలోకెళ్తే డబ్బే డబ్బు.

కాల్‌షీట్ లెక్కన, అంటే షూటింగ్‌కి వెళ్ళిన రోజుల లెక్కన ఇస్తారు, అదీ చేతికొచ్చేసరికి నెలలు పడుతుంది. కథ ట్రాక్ మారి మీ పాత్ర అమెరికా వెళ్ళిపోయిందంటే ఇంక ఇంట్లో కూర్చోవడమే.

అపోహ: మూడు నెలల కోర్సు చేస్తే నటుడైపోవచ్చు.

ఆ ఢిల్లీ స్కూల్లోనే కోర్సు మూడేళ్ళండీ. నేనైతే మొదటి నెల డైలాగే ఇవ్వను, ఇద్దర్ని ఎదురెదురుగా కూర్చోబెట్టి ఒకళ్ళు చెప్పింది రెండోవాళ్ళని విని తిరిగి చెప్పమంటా. రెండో వారంలో ఒక తండ్రి ఫోన్ చేసి "సార్, మావాడికి ఇంకా ఏడుపు సీన్ నేర్పలేదంట" అన్నాడు.

ఏడుపుకి గ్లిజరిన్ ఉందండీ అన్నా.