పోలవరం కాంట్రాక్టు రద్దు: కోర్టులో ఏం జరిగింది?

కోనసీమలో దాళ్వా (రెండో పంట వరి) నీళ్ల మాట ఎత్తితే పోలవరం పేరు రాక తప్పదు. ధవళేశ్వరానికి సుమారు 42 కిలోమీటర్ల ఎగువన కడుతున్న ఆ ప్రాజెక్టు పూర్తయితే, వంతులు పెట్టే బాధ లేకుండా శివారు పొలాలకీ నీళ్లొస్తాయని ఇక్కడి రైతు ఆశ. అందుకే 2019లో అక్కడి కాంట్రాక్టు రద్దయినప్పుడు, అది విజయవాడలో తేలే ఫైళ్ల గొడవలే అని డెల్టాలో ఎవరూ ఊరుకోలేదు.

ఆ ఏడాది మేలో కొత్త ప్రభుత్వం వచ్చింది. రివర్స్ టెండరింగ్ అనే విధానం తెచ్చింది. చేపల రేవులో పాట పైకి పోతుంది, ఇందులో కిందికి దిగుతుంది: వచ్చిన బిడ్లలో తక్కువ ధర దగ్గర మొదలుపెట్టి, ఇంకా ఎవరు తగ్గిస్తారని అడుగుతారు. ప్రధాన డ్యామ్ పనులు, 960 మెగావాట్ల జల విద్యుత్ కేంద్రం పనులు నవయుగ సంస్థ చేతిలో ఉండేవి. ఆగస్టులో రెండూ రద్దు చేశారు. ఇలా చేస్తే జాప్యం, ఖర్చు పెరుగుతాయని కేంద్రం ఏర్పాటు చేసిన పోలవరం ప్రాజెక్టు అథారిటీ అప్పుడే రాష్ట్రాన్ని హెచ్చరించింది.

సంస్థ హైకోర్టుకు వెళ్లింది. ఆగస్టు 22న విద్యుత్ కేంద్రం రద్దుపై స్టే వచ్చింది. ఇక పని ఆగిపోయినట్టే అనుకున్నారంతా. కానీ సెప్టెంబరులో రెండు పనులకీ కలిపి సుమారు 4,358 కోట్ల రూపాయలకు మేఘా సంస్థ బిడ్ ఖరారైంది. అంచనా కంటే 12.6 శాతం తక్కువ, దాదాపు 628 కోట్లు మిగిలాయని ప్రభుత్వం చెప్పుకుంది. అక్టోబరు 31న హైకోర్టు స్టే ఎత్తేసింది. ఒప్పందంలో ఆర్బిట్రేషన్ (మధ్యవర్తి ద్వారా తేల్చుకునే దారి) ఉండగా నేరుగా హైకోర్టులో వేసిన రిట్ పిటిషన్ నిలవదన్న ప్రభుత్వ వాదనతో ఏకీభవించింది.

అసలు చిక్కంతా ఇక్కడే. ఒప్పందం తెంచడం అన్యాయమని కాంట్రాక్టరు చివరికి నెగ్గినా, సాధారణంగా దక్కేది నష్టపరిహారం. పోయిన పని తిరిగి రాదు. అలాగని సర్కారుకి ఇష్టారాజ్యం కూడా కాదు. ఉత్తరప్రదేశ్‌లో ప్రభుత్వ న్యాయవాదులందరినీ ఒక్క దెబ్బకు తీసేస్తే, 1990లో సుప్రీంకోర్టు ఆ ఉత్తర్వును కొట్టేసింది. కాంట్రాక్టు విషయంలోనైనా ప్రభుత్వం ఏకపక్షంగా వ్యవహరించకూడదంది. మన దగ్గరే, పాత గాలి, సౌర విద్యుత్ ఒప్పందాల రేట్లు తగ్గించాలని అదే ప్రభుత్వం చేసిన ప్రయత్నం నిలవలేదు. ఒప్పందంలో రాసుకున్న రేటే ఇవ్వాలని 2022 మార్చిలో హైకోర్టు తేల్చింది. రేటు విషయంలో గెలవడం వేరు, తీసేసిన పనిని తిరిగి తెచ్చుకోవడం వేరు.

ఈలోగా 2018లో కట్టిన డయాఫ్రం వాల్ (డ్యామ్ కింద నీరు ఊరిపోకుండా నది అడుగున కట్టే గోడ) వరదల్లో దెబ్బతింది. తప్పెవరిదన్నది నేటికీ రాజకీయ వాదనే. కాంట్రాక్టర్‌ని మార్చడం వల్లేనని ఒకరు, కాఫర్ డ్యామ్ (పని చోటికి నీళ్లు రాకుండా ఆపే తాత్కాలిక కట్ట) పూర్తికాకుండానే గోడ కట్టడం వల్లని మరొకరు అంటారు. 2024లో మళ్లీ ప్రభుత్వం మారింది, రివర్స్ టెండరింగ్‌కి మంగళం పాడింది. 2025 జనవరిలో పాత గోడ పక్కనే కొత్తదాని పని మొదలైంది.