రొండోనియా అడవిని నరికించింది ఎవరు?

బ్రెజిల్ పశ్చిమాన ఉన్న రొండోనియా రాష్ట్రాన్ని ఉపగ్రహ చిత్రంలో చూస్తే అమెజాన్ అడవి మధ్య చేపముల్లు కనిపిస్తుంది. నడుమ బీఆర్-364 రహదారి, దాని నుంచి చీలిన అడ్డరోడ్లు, వాటి వెంట బోడి నేల. ఆ గీతలు రైతులు గీసినవి కావు, భూమి పంచిన ప్రభుత్వ సంస్థ ఇంక్రా గీసినవి.

1970లో ఈశాన్య బ్రెజిల్‌లో కరువు వచ్చింది. అక్కడి పెద్ద భూస్వాముల జోలికి వెళ్లడం సైనిక ప్రభుత్వానికి ఇష్టం లేదు. అందుకే అధ్యక్షుడు మెదిసి, అమెజాన్‌లోని మనుషులు లేని నేలను నేల లేని మనుషులకు ఇస్తామన్నాడు. ఆ నేల మీద మనుషులున్నారు. 1969లో బయటివారితో పరిచయమైన పైతెర్ సురుయి తెగలో చాలామంది, తట్టు లాంటి రోగాలు సోకి కొద్ది ఏళ్లలోనే చనిపోయారు.

దక్షిణాన పరానాలో సోయా, ట్రాక్టర్లు కౌలుదార్లను వెళ్లగొట్టాయి. 1975లో మంచు కాఫీ తోటలను మాడ్చేసింది. అలా బతుకు పోయినవాళ్లలో చాలామంది రొండోనియా దారి పట్టారు. 1970లో లక్షకు కాస్త పైనున్న అక్కడి జనాభా 1991 నాటికి 11 లక్షలు దాటింది. ప్రపంచ బ్యాంకు అప్పుతో 1984లో రహదారికి తారు పడింది.

కుటుంబానికి ఇచ్చింది సుమారు 100 హెక్టార్ల అడవి. చెట్లు కొట్టేస్తేనే సాగు చేస్తున్నట్టు లెక్క. చెట్లు నిలబడి ఉంటే బీడు భూమి అని ఇంకొకరు ఆక్రమించవచ్చు. ఎండాకాలంలో నరికి, ఆగస్టు, సెప్టెంబరుల్లో తగలబెట్టి, కాలిన మొద్దుల మధ్య వరి, మొక్కజొన్న, కర్రపెండలం వేసేవారు. బూడిద బలం రెండు మూడు పంటలకే సరి. వానాకాలంలో ఇంటిల్లిపాదికీ మలేరియా. అడ్డరోడ్డు బురదలో లారీ దిగబడేది, పండిన వడ్లు సంతకు చేరేవి కావు. ఆవు మాత్రం తన కాళ్ల మీద తాను నడిచి వెళ్తుంది, జబ్బు చేసిన రోజున అమ్ముకోవచ్చు. పొలాలు పచ్చిక బీళ్లు కావడానికి నాకు కనిపించే అసలు కారణం ఇదే. ఇందులో అత్యాశ ఎక్కడుంది?

అప్పులు తీరని వాళ్లు ఆ భూమిని పశువుల వ్యాపారులకు అమ్మి, ఇంకా లోపలి అడవిలోకి వెళ్లి మళ్లీ గొడ్డలి పట్టారు. 1996లో ప్రభుత్వం అమెజాన్ అడవి భూముల్లో నరకకుండా వదిలిపెట్టాల్సిన అడవి వాటాను 50 నుంచి 80 శాతానికి పెంచింది. నరికితేనే హక్కు అని విని వచ్చిన రైతుకు, నరికినందుకే ఇప్పుడు తప్పు అంటగట్టారు.