డాక్యుమెంటరీ అంటే ఏడిపించడమేనా?

సామాజిక సమస్యల మీద డాక్యుమెంటరీలు తీస్తానని చెప్పగానే నాకు ఎదురయ్యే మాటలు దాదాపు ఒకటే. వాటికి జవాబు చెప్పాల్సి వచ్చిన ప్రతిసారీ గ్రీకు దర్శకురాలు మరియానా ఎకోనోము సినిమాలు గుర్తొస్తాయి.

అపోహ: కన్నీళ్ళు లేకపోతే సామాజిక స్పృహ లేనట్టే.

వాస్తవం: 2013లో గ్రీసు అప్పుల్లో కూరుకుపోయి ఉంది. ఆ ఏడాది వచ్చిన ఆమె 'ఫుడ్ ఫర్ లవ్' దేని గురించో తెలుసా? దూరాన ఉన్న పిల్లలకు అమ్మలు వండి పంపే తిండి గురించి! ఆవకాయ జాడీకి వాసెన కట్టి బస్సులో వేసి పంపిన అమ్మలున్న మనకు ఇందులో ఏముందో విడమరిచి చెప్పక్కర్లేదు. 2019లో 'వెన్ టొమాటోస్ మెట్ వాగ్నర్' తీశారు. మధ్య గ్రీసులో ఎలియాస్ అనే పల్లె, మిగిలిన జనం 33 మంది. వరసకు అన్నదమ్ములైన ఇద్దరు రైతులు ఊళ్ళోని మామ్మలతో కలిసి టమాటా వంటకాలు సీసాల్లో నింపి విదేశాలకు అమ్మాలని చూస్తుంటారు. టమాటా మొక్కలకు జర్మన్ స్వరకర్త వాగ్నర్ సంగీతం వినిపిస్తారు. చూస్తూ హాయిగా నవ్వుకుంటాం, ఖాళీ అయిపోతున్న ఊరి దిగులూ అందులోనే ఉంటుంది. ఆస్కార్‌కి గ్రీసు పంపిన సినిమా ఇది.

అపోహ: ఒకరి పక్కన నిలబడితే అది డాక్యుమెంటరీ కాదు, ప్రచారం.

వాస్తవం: ఆమె 'ది లాంగెస్ట్ రన్' (2015)లో వలసదారులను అక్రమంగా దాటించారన్న కేసులో గ్రీసు బాలల జైల్లో ఉన్న ఇద్దరు అబ్బాయిలుంటారు. వాళ్ళూ శరణార్థులే. కెమెరా వాళ్ళతోనే ఉంటుంది, ఇంటికి చేసే ఫోన్లతో సహా. తీర్పు కోర్టు చెబుతుంది. ఆ కుర్రాళ్ళు ఎవరో మనకు తెలియాలంటే ఎవరో ఒకరు వాళ్ళ పక్కన కూర్చోవాలి కదా. ప్రచారం అంటే చూసేవాళ్ళ బదులు మనమే ఆలోచించేయడం. ఈ సినిమా ఆ పని చేయదు.

అపోహ: డాక్యుమెంటరీ తీయడంలో కష్టమంతా డబ్బు దగ్గరే, అదుంటే చాలు.

వాస్తవం: డబ్బు కావాలి, నిజమే. 2013 జూన్‌లో గ్రీసు ప్రభుత్వం తన సొంత ప్రసార సంస్థ ఈఆర్‌టీని రాత్రికి రాత్రే మూసేసింది. 2015లో గానీ అది మళ్ళీ తెరుచుకోలేదు. డబ్బుకి అంత కటకటగా ఉన్న రోజుల్లోనూ అక్కడివాళ్ళు సినిమాలు తీస్తూనే ఉన్నారు.

అపోహ: కెమెరా పెడితే నిజం దానంతటదే దొరుకుతుంది.

వాస్తవం: దొరకదు. ఇది నేను నేర్చుకున్నది పోచంపల్లిలో. సౌండ్ క్లీన్‌గా రావాలని ఒక నేత కార్మికుణ్ణి మగ్గం ఆపమన్నాను. ఆయన చేతులు ఒళ్ళో పెట్టుకుని, మీటింగ్‌లో మాట్లాడినట్టు మాట్లాడారు. అరగంట ఫుటేజీలో ఒక్క మాటా పనికిరాలేదు. మర్నాడు ఏమీ అడగకుండా పక్కన కూర్చున్నా. నాడె అటూ ఇటూ పోతుండగా, తల ఎత్తకుండానే, కూతురు ఈ పనిలోకి రానందని చెప్పారు. "మంచిదే అనుకుంటా" అని ఇంకో నాలుగు పోగులు నేశాక, "కానీ దానికి రంగులు బాగా తెలుసు" అన్నారు. మగ్గం చప్పుడుకి సగం మాటలు సరిగ్గా వినిపించవు. ఎడిటింగ్‌లో ఆ చప్పుడు ఎక్కడా తగ్గించలేదు.